మీకు తెలుసా? జపాన్ ముచ్చట్లన్నీ మన వరంగల్ రోడ్డు మీదే!

పోచారంలో మెయిన్ రోడ్డు మీద నిలబడి తూర్పుకు చూడండి. ఎదురుగా సాగిపోతున్నది 163వ నంబరు జాతీయ రహదారి. జపాన్‌లో టూరిస్టు బస్సెక్కితే గైడు ఒక్కరోజులో మూడు ముచ్చట్లు చూపిస్తాడు. వేడినీటి ఊటలు, పాత గుళ్లు, చేతిపనుల ఊళ్లు! ఆ మూడూ ఈ రోడ్డు పట్టుకుని వెళ్తే మనకూ దొరుకుతాయి. నమ్మరా? రండి!

ముందు జపాన్ సంగతి. ఆ చిన్న దేశంలో వేడినీటి ఊటలు ఎన్నో తెలుసా? 27 వేలకు పైమాటే! పొద్దున బస్సు, మధ్యాహ్నం గుడి, సాయంత్రం వేడినీళ్లు, రాత్రికి ఇల్లు. ఒకరోజు యాత్రకు ఇంకేం కావాలి!

మనమేం తక్కువ తిన్నామా? భారతదేశంలో సుమారు 340 వేడినీటి ఊటలను శాస్త్రవేత్తలు గుర్తించారు! హిమాలయాల్లోనే కాదు, మన గోదావరి ఒడ్డునా ఉన్నాయి. చివరికి అక్కడికే వెళ్తాం. తొందరపడకండి!

ఆ ఊటల గుట్టు తెలిసినవాళ్లు ఎక్కడుంటారో తెలుసా? మీ పక్కనే! నాగోలులో మెట్రో ఎక్కండి. ఉప్పల్ వస్తుంది, స్టేడియం వస్తుంది. ఆ తర్వాతి స్టేషన్ పేరే ఎన్‌జీఆర్‌ఐ! అంటే జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ. పుట్టింది 1961లో. రోజూ మైకులో ఆ పేరు వింటూనే ఉంటారు కదా! నేల పొరల్లో వేడెంతో కొలిచేది ఆ ప్రహరీ గోడ వెనకే!

జపాన్‌లో నీళ్లు కాగేది చాలావరకు అగ్నిపర్వతాల వల్ల. అక్కడ మేలుకుని ఉన్న అగ్నిపర్వతాలు 111! మరి మన గోదావరి దగ్గర ఎన్ని? ఒక్కటంటే ఒక్కటి కూడా లేదు! అయినా నీళ్లు కాగుతున్నాయి! వాననీరు నేల పగుళ్లలోంచి లోతుకు దిగుతుంది. అక్కడి వేడికి కాగుతుంది. మళ్లీ పైకి తన్నుకొస్తుంది. అంతే!

ఇది వింటే ఆశ్చర్యపోతారు. వేడినీటి ఊట అనిపించుకోవాలంటే నీళ్లు సలసలా కాగనక్కర్లేదు! జపాన్‌లో దానికో చట్టమే ఉంది. నేలలోంచి వచ్చేటప్పుడు 25 డిగ్రీలుంటే చాలు! ఆ లెక్కన నులివెచ్చగా వచ్చే మన బోరు నీళ్లు కూడా ఆ గీతకు అటూ ఇటూగానే ఉంటాయి!

ప్రపంచంలోకెల్లా పాత హోటల్ ఏదో తెలుసా? జపాన్‌లోని వేడినీటి సత్రమే! పేరు కెయున్‌కాన్. తలుపులు తెరిచింది క్రీ.శ. 705లో! అప్పటికి మన కాకతీయులు ఇంకా పుట్టనేలేదు. ఆ సత్రం ఈ రోజుకీ అతిథులకు స్నానానికి నీళ్లిస్తోంది!

హకోనే కొండల్లో కోడిగుడ్లను వేడి ఊటలో ఉడకేస్తారు. పెంకు నల్లగా, బొగ్గులా మారిపోతుంది! లోపల మాత్రం మామూలు తెల్లగుడ్డే. ఒక్క గుడ్డు తింటే ఆయుష్షు 7 ఏళ్లు పెరుగుతుందని అక్కడి నమ్మకం!

ఇక మన రోడ్డెక్కుదాం. ఘట్‌కేసర్ దాటారు, బీబీనగర్ దాటారు. దూరంగా బోడిగా, నున్నగా ఓ కొండ కనిపిస్తుంది. అదే భువనగిరి! కొండంతా ఒకే ఒక్క రాయి! ఎత్తు సుమారు 500 అడుగులు. దాని నెత్తిన కోట! ఎండెక్కకముందే ఎక్కేయండి, నీళ్ల సీసా మరవకండి.

బీబీనగర్ నుంచి దక్షిణంగా తిరిగితే పోచంపల్లి. 2021లో ఐక్యరాజ్యసమితి పర్యాటక సంస్థ ఉత్తమ పర్యాటక గ్రామాల్లో ఒకటిగా ఎంచింది ఈ ఊరినే! ఇక్కడ బట్ట నేసి అద్దకం వేయరు. ముందే నూలుకు రంగేస్తారు, ఆ తర్వాతే నేస్తారు! నూలు పోగుల కట్టలు తీసుకుని, రంగు అంటకూడని చోటల్లా రబ్బరు పట్టీలతో గట్టిగా బిగిస్తారు. సైకిల్ ట్యూబు కోసి చేసిన పట్టీలు! రంగులో ముంచి, ఆరబెట్టి, విప్పి, మళ్లీ కట్టి, మళ్లీ ముంచుతారు. మగ్గం మీదికి ఎక్కేదాకా అది చిందరవందర మచ్చలే. నాడె ఆడుతుంటే పువ్వులూ ఏనుగులూ వాటంతటవే విచ్చుకుంటాయి!

ఇదే కిటుకు జపాన్‌లోనూ ఉంది! కురుమే అనే ఊళ్లో దాన్ని కనిపెట్టింది ఎవరో ఊహించండి. ఓ చిన్నపిల్ల! పేరు ఇనోవే దెన్. వయసు 12, 13 ఏళ్లు! పాత బట్ట మీద వెలిసిపోయిన తెల్ల చుక్కలు చూసింది. ఇవెలా వచ్చాయా అని పోగుపోగూ విప్పి చూసింది. రహస్యం దొరికిపోయింది! రెండు వందల ఏళ్లు దాటినా ఆ ఊరు ఆ నేత వదల్లేదు.

పోచంపల్లి చీర వెనక ఇంకో లెక్క ఉంది. నేతకు ముందు పోగులను ఆసు పోయాలి. మేకుల చుట్టూ దారాన్ని ముందుకూ వెనక్కూ తిప్పాలి. ఒక్క చీరకు చేతిని ఎన్నిసార్లు ఆడించాలో తెలుసా? 9 వేల సార్లు! ఈ పని ఇంట్లో ఆడవాళ్లదే. భుజాలు పడిపోయేవి.

అమ్మ పడే ఆ బాధ చూడలేక ఓ కొడుకు యంత్రమే చేసేశాడు! పెద్ద చదువుల్లేవు, ఇంజినీరింగు డిగ్రీ లేదు. అతనే చింతకింది మల్లేశం! ఊరు ఇదే రోడ్డు మీదున్న ఆలేరు దగ్గరి శారాజీపేట. యంత్రానికి అమ్మ పేరే పెట్టాడు, లక్ష్మి ఆసు యంత్రం! 2017లో పద్మశ్రీ వచ్చింది. నన్నడిగితే ఈ దారిలో ఇంతకు మించిన వింత లేదు. వరంగల్ వైపు వెళ్లే బస్సులు ఆలేరు మీదుగానే పోతాయి. ఒక్కసారి ఆగి ఆ యంత్రం తిరగడం చూడండి!

ఇక యాదగిరిగుట్ట! నల్లరాతితో మళ్లీ కట్టిన నరసింహస్వామి గుడి. 2025 ఫిబ్రవరిలో విమాన గోపురానికి బంగారు తొడుగు వేశారు. ఎంత బంగారమో తెలుసా? 68 కిలోలు! క్యోటోలో బంగారు మండపం చూడటానికి ప్రపంచమంతా ఎగబడుతుంది కదా! 1987లో దానికి కొత్తగా అద్దిన బంగారు రేకు సుమారు 20 కిలోలు. మూడు రెట్లు మించిపోయాడు మన నరసన్న!

కొలనుపాక వదిలేయకండి! ఆలేరు నుంచి చిటికెలో చేరతారు. అక్కడి జైన గుడిలో మహావీరుడి విగ్రహం ఎత్తు 130 సెంటీమీటర్లు. అంతా ఒకే పచ్చరాయిలో చెక్కిందని చెబుతారు!

జనగామ ముందు పెంబర్తి వస్తుంది. ఊళ్లోకి అడుగుపెట్టగానే ఠంగ్ ఠంగ్ మని సుత్తి చప్పుడు! ఇత్తడి రేకును వెనకనుంచి కొట్టి, ముందువైపు బొమ్మ లేపుతారు. 2023లో కేంద్ర పర్యాటక శాఖ ఉత్తమ పర్యాటక గ్రామాల జాబితాకు ఎక్కింది. గుడి తలుపుల తొడుగులు, కలశాలు, జ్ఞాపికలు ఎక్కడెక్కడికో ఇక్కణ్నుంచే వెళ్తాయి!

హనుమకొండ వేయిస్తంభాల గుడి 1163 నాటిది. దాని కల్యాణ మండపాన్ని ఏం చేశారో తెలుసా? రాయి రాయీ ఊడదీసి మళ్లీ కట్టారు! 2024లో భక్తులకు తెరిచారు. జపాన్‌వాళ్లకు ఇది విని ఆశ్చర్యం వేయదేమో! వాళ్ల ఇసే మందిరాన్ని 20 ఏళ్లకోసారి కొత్త చెక్కతో మళ్లీ కడతారు. వెయ్యేళ్ల నుంచీ ఇదే ఆనవాయితీ!

ఇప్పుడు రామప్ప. ఇక్కడ మాత్రం తొందర వద్దు! లోకంలో గుళ్లకు దేవుడి పేరో, కట్టించిన రాజు పేరో ఉంటుంది. దీనికి చెక్కిన శిల్పి పేరు! కట్టించింది గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు, 1213లో. అయినా నిలిచింది రామప్ప పేరే!

దాని గోపురం ఇటుక నీళ్లలో వేస్తే మునగదు! తేలుతుంది! నీటికంటే తేలిక మరి. ఘనపు సెంటీమీటరుకు 0.9 గ్రాముల లోపే! బరువు తగ్గితే గుడి మీద భారం తగ్గుతుందని ఎనిమిది వందల ఏళ్ల కిందటే లెక్క వేశారు!

అక్కడితో అయిపోలేదు. ఈ గుడి పునాది గోతిని ఇసుకతో నింపారు! నేల కదిలితే ఆ కుదుపును ఇసుక మింగేస్తుందని ఎత్తుగడ. 2024 డిసెంబరు 4 పొద్దున్నే ఇదే ములుగు జిల్లాలో 5.3 తీవ్రతతో భూమి కంపించింది. గుర్తుందా? మన ఉప్పల్ దాకా తెలిసింది! భూకంపాల దేశం జపాన్ ఇంజినీర్లు వచ్చి చూడాల్సిన గుడి ఇది.

తలెత్తి చూడండి. చూరు కింద నల్లగా నిగనిగలాడే 12 మంది మదనికలు! గైడును అడిగితే ఒకామె పాదాలు చూపిస్తాడు. ఎత్తు మడమల చెప్పులు! ఫ్యాషన్ అనుకున్నదంతా మన కాకతీయుల కాలంలోనే ఉంది. గైడు ఊరుకుంటాడా! స్తంభం మీద పొన్నచెట్టు కింద వేణుగోపాలుణ్ని మునివేళ్లతో మీటి సరిగమలు వినిపిస్తాడు. చెవి దగ్గరగా పెట్టి వినండి!

ఒక్కరోజు యాత్రంటే ఇక్కడితో బస్సు వెనక్కి తిరగాలి. వేడినీళ్లు కావాలంటే ఇంకో పూట కలుపుకోండి. ఏటూరునాగారం అడవి దారి పట్టి, గోదావరి వెంట దిగాలి. ఈ దారిలో సిగ్నల్ సరిగా ఉండదు. కాబట్టి ఈలోపు జపాన్‌తో మన బంధం గురించి మూడు రహస్యాలు చెబుతాను, వినండి!

జపాన్‌లో నారా బుద్ధుడు 15 మీటర్ల కంచు విగ్రహం. 752లో ఆ విగ్రహానికి కళ్లు దిద్దింది ఎవరో తెలుసా? భారతదేశం నుంచి వెళ్లిన బోధిసేనుడు! కుంచెకు పొడవాటి దారాలు కట్టారు. చూడవచ్చిన జనమంతా ఆ దారాలు పట్టుకున్నారు. అంటే అందరూ కలిసి కళ్లు దిద్దినట్టే! ఆ కుంచెను ఈ రోజుకీ దాచి ఉంచారు!

టోక్యోలో వినాయకుడి గుడి ఉంది! నైవేద్యం ఉండ్రాళ్లు కాదు, ముల్లంగి! ఏటా జనవరి 7న అక్కడ ముల్లంగి ఉత్సవమే చేస్తారు. భక్తులు తెల్లటి ముల్లంగి దుంపలు పట్టుకుని వస్తారు!

మూడోది విన్నాక గర్వపడకుండా ఉండలేరు. మన కృష్ణా తీరంలోని నాగార్జునకొండ ఎవరి పేరు మోస్తోందో ఆ ఆచార్య నాగార్జునుడు తెలుసు కదా! జపాన్ బౌద్ధంలో ఆయనకు దక్కిన గౌరవం తెలుసా? 8 శాఖలకు మూలపురుషుడని మొక్కుతారు!

అదిగో మణుగూరు! పగిడేరు ఊరి దగ్గర బొగ్గు కోసం బోర్లు వేశారు. ఏం వచ్చింది? వేడినీళ్లు! మోటారు లేదు, మీట నొక్కే పని లేదు, వాటంతటవే పైకి తన్నుకొచ్చాయి! ఊరుకోలేదు మన సింగరేణి. ఆ వేడితోనే కరెంటు తీసేందుకు 20 కిలోవాట్ల ప్రయోగ ప్లాంటు పెట్టింది. బొగ్గు తవ్వే సంస్థ, బొగ్గు కాల్చకుండా కరెంటు!

ఇక అసలైన ముచ్చట. భద్రాచలానికి 5 కిలోమీటర్ల దూరంలో గుండాల. గోదావరి ఒడ్డు. కట్టిన కొలను లేదు, మెట్లు లేవు, కుళాయి లేదు. ఉన్నదల్లా ఇసుక! దోసిళ్లతో తవ్వండి. గొయ్యిలో మెల్లగా నీళ్లు ఊరతాయి. చెయ్యి పెట్టి చూడండి. వేడి! పక్కనే చల్లటి గోదావరి పారుతుంటే, ఇక్కడ వేడినీళ్లు! చలికాలంలో త్రిమూర్తులు దిగివచ్చి ఇక్కడ స్నానం చేశారని ఊరివాళ్ల నమ్మకం.

సరిగ్గా ఇలాంటిదే జపాన్‌లో ఉంది! కవాయు అనే ఊరు. అక్కడా నది ఒడ్డే, అక్కడా చేత్తో తవ్వుకోవడమే! ఊరే నీళ్ల వేడి 73 డిగ్రీలు. చల్లటి నది నీళ్లు కలుపుకొని స్నానం చేస్తారు. చలికాలం వస్తే నదికి అడ్డుకట్ట వేసి ఊరుమొత్తానికీ ఒకే పెద్ద స్నానఘట్టం చేసేస్తారు! దగ్గర్లోనే కుమానో పుణ్యక్షేత్రం. మనకు భద్రాద్రి రాముడు ఉన్నట్టే!

కవాయుకు ఎక్కడెక్కణ్నుంచో విమానాల్లో దిగుతారు. మన గుండాల పేరు ఉప్పల్‌లో ఎంతమందికి తెలుసు? పక్కింటివాళ్లను అడిగి చూడండి! నేను మాత్రం ఒకటే కోరతాను. ఈసారి భద్రాచలం వెళ్తే దర్శనం అయ్యాక మరో 5 కిలోమీటర్లు వెళ్లండి. పిల్లలను తీసుకెళ్లండి, గొయ్యి వాళ్లనే తవ్వనివ్వండి!

ఒక్క జాగ్రత్త. వెళ్తే చలికాలమే వెళ్లండి, వానాకాలం వద్దు! భద్రాచలం దగ్గర గోదావరి 43 అడుగులకు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక ఇస్తారు. 2022 జులైలో ఆ నీళ్లు 71 అడుగులు దాటాయి. వరద రోజుల్లో ఒడ్డుకు అసలు దిగకండి!