58 రోజులు, వాటి వెనక 8 వేల రోజులు

ఉదయగిరిలోనైనా ఆత్మకూరులోనైనా ప్రభుత్వ కార్యాలయం బోర్డు మీద జిల్లా పేరు పూర్తిగా రాస్తే శ్రీ పొట్టి శ్రీరాములు నెల్లూరు జిల్లా అని ఉండాలి. 2008 నుంచి అధికారికంగా అదే పేరు. చోటు చాలకో, అలవాటు కొద్దో అది ఎస్‌పీఎస్‌ఆర్ నెల్లూరు అని పొడి అక్షరాలైపోయింది. ఆ అక్షరాల వెనక ఉన్న మనిషి ఎవరని బడి పిల్లల్ని అడిగితే మాత్రం ఒక అంకె ఠక్కున చెబుతారు: 58. పొట్టి శ్రీరాములు ఆంధ్ర రాష్ట్రం కోసం 1952 అక్టోబరు 19న మద్రాసులో బులుసు సాంబమూర్తి ఇంట్లో నిరాహార దీక్షకు కూర్చున్నారు, డిసెంబరు 15 రాత్రి ప్రాణం విడిచారు. అక్టోబరులో 13 రోజులు, నవంబరులో 30, డిసెంబరులో 15. లెక్క సరిగ్గా సరిపోతుంది.

కానీ ఆయన ప్రజాజీవితం మొదలైంది 1952లో కాదు, 1930లో. అక్కణ్నుంచి చివరి రోజు దాకా 22 ఏళ్ల పైచిలుకు, అంటే సుమారు 8 వేల రోజులు. ఆ 8 వేలల్లో 58 రోజులంటే ముప్పాతిక శాతం కూడా ఉండదు. మనం పండగ చేసుకునేదీ, విగ్రహాలు పెట్టేదీ ఆ ముప్పాతిక శాతానికి. మిగతా 99 శాతంలో ఆయన ఏం చేశారో ఆయన పేరు మోస్తున్న జిల్లాలోనే చెప్పేవాళ్లు తక్కువ. అది నాకు బాధగానే ఉంటుంది.

శ్రీరాములు 1901 మార్చి 16న మద్రాసు జార్జిటౌన్‌లో పుట్టారు. కుటుంబం మూలాలు కనిగిరి ప్రాంతంలోని పడమటిపల్లెవి. కనిగిరి అనగానే ప్రకాశం జిల్లా అనుకుంటూ వచ్చాం గానీ, 1970లో ఆ జిల్లా ఏర్పడే దాకా కనిగిరి తాలూకా నెల్లూరు జిల్లాలోదే. ఉదయగిరి వాళ్లకు అది పొరుగు తాలూకా. మద్రాసులో బడి చదువయ్యాక బొంబాయి విక్టోరియా జూబిలీ టెక్నికల్ ఇన్‌స్టిట్యూట్‌లో శానిటరీ ఇంజినీరింగు చదివారు. గ్రేట్ ఇండియన్ పెనిన్సులా రైల్వేలో దాదాపు నాలుగేళ్లు ఉద్యోగం చేశారు. అప్పట్లో రైల్వే కొలువంటే మాటలా! బంధువుల్లో చెప్పుకోదగ్గ సంబంధం, నెల తిరిగేసరికి చేతికొచ్చే జీతం.

1920ల చివర్లో భార్య పోయింది. అప్పుడే పుట్టిన బిడ్డా పోయింది. ఆయనకు ఇంకా ముప్పై నిండలేదు.

ఈ నష్టం ఆయన ఒక్కరిదే కాదని చెప్పడానికి ఆనాటి లెక్కలు చూడాలి. ఇండియన్ మెడికల్ సర్వీసు అధిపతిగా ఉన్న జాన్ మెగా 1933లో వేసిన అంచనా ప్రకారం దేశంలో ప్రతి వెయ్యి కాన్పులకు 24 మందికి పైగా తల్లులు చనిపోయేవారు. 1946లో భోర్ కమిటీ ఆ సంఖ్య 20 దగ్గర ఉందని తేల్చింది. ఏడాదికి సుమారు 2 లక్షల మంది తల్లులన్నమాట. పుట్టిన ప్రతి వెయ్యి మంది బిడ్డల్లో 162 మంది ఏడాది నిండకుండానే పోయేవారని 1937 లెక్కలను చూపించి అదే కమిటీ రాసింది. ఇటీవలి కాలానికొస్తే ఆంధ్రప్రదేశ్‌లో 2018-20 లెక్కల ప్రకారం లక్ష కాన్పులకు 45 మంది తల్లులు, 2020లో వెయ్యి మందికి 24 మంది శిశువులు చనిపోయారు. ఒకే కొలతలోకి మార్చి చూస్తే ఆనాడు లక్షకు 2 వేలు, 2018-20లో 45. శ్రీరాములు తరంలో బాలింత చావు వినని వీధి ఉండి ఉండదు. చాలామంది ఏడ్చి, ఏడాది తిరిగాక రెండో పెళ్లి చేసుకునేవారు. లోకం ఆయన దగ్గరా అదే ఆశించి ఉంటుంది.

ఆయన ఉన్న ఆస్తిని తల్లికీ తోబుట్టువులకూ పంచేసి, ఉద్యోగానికి రాజీనామా ఇచ్చి, 1930లో గాంధీ సబర్మతి ఆశ్రమంలో చేరారు. దీన్ని వైరాగ్యం అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు. నాకది ఒప్పుదల కాదు. విరక్తి కలిగినవాడు లోకానికి దూరంగా పోతాడు. ఈయన పోయింది ఉప్పు సత్యాగ్రహంలోకి, జైలుకు, ఊళ్లలోకి. పైగా ఆయన చదువుకున్నది శానిటరీ ఇంజినీరింగు. మురుగు ఎటు పోవాలో, మరుగుదొడ్డి ఎలా కట్టాలో ఆ చదువు నేర్పుతుంది. దాన్ని శుభ్రం చేసే మనుషుల సంగతి అందులో ఉండదు. ఆశ్రమంలో మరుగుదొడ్లు ఆశ్రమవాసులే కడుక్కోవాలి, కులం అడ్డు చెప్పడానికి లేదు. ఆ తర్వాతి ఇరవై ఏళ్లు ఆయన ప్రధానంగా పట్టుకున్న పని అంటరానితనం నిర్మూలన కావడం నాకు కాకతాళీయంగా అనిపించదు.

మధ్య ఏళ్లు క్లుప్తంగా చెప్పుకుందాం. రాజ్‌కోట్‌లోనూ, కృష్ణా జిల్లా కొమరవోలులో యెర్నేని సుబ్రహ్మణ్యం నెలకొల్పిన గాంధీ ఆశ్రమంలోనూ గ్రామ పునర్నిర్మాణ పనులు చేశారు. 1941-42లో వ్యక్తి సత్యాగ్రహం, క్విట్ ఇండియా ఉద్యమాల్లో మూడుసార్లు జైలుకెళ్లారు. 1943-44లో నెల్లూరు జిల్లాలో రాట్నం ప్రచారం చేశారు. తర్వాత వచ్చింది గుడి తలుపుల పోరాటం. ఇక్కడ కాసేపు ఆగాలి, ఎందుకంటే ఇందులో చట్టం పనిచేసిన తీరు తెలిస్తే తప్ప ఆ దీక్షల అవసరం అర్థం కాదు.

1939లో మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశానికి ఒక చట్టం వచ్చింది. అది అన్ని గుళ్ల తలుపులూ ఒకేసారి తెరవలేదు. భక్తుల్లో పెద్దగా వ్యతిరేకత లేదని ధర్మకర్త భావిస్తే, ప్రభుత్వ అనుమతితో ఆ గుడిని దళితులకు తెరవవచ్చని మాత్రమే అంది. అంటే ఒక్కో గుడిదీ ఒక్కో కథ. ధర్మకర్త కదలకపోతే చట్టం కాగితాల్లోనే ఉంటుంది. కదిలించేవాడు ఊళ్లోనే ఉండాలి. 1946లో నెల్లూరు మూలాపేట వేణుగోపాలస్వామి గుడి ముందు శ్రీరాములు చేసిన పని అదే. దీక్ష పట్టారు, చివరికి గుడిలోకి దళితులకు దారి దొరికింది. అదే ఏడాది నవంబరులో రాష్ట్రంలోని గుళ్లన్నీ తెరవాలని ఆమరణ దీక్షకు దిగారు. స్వాతంత్ర్యం గుమ్మంలో ఉండగా ఇప్పుడిదేమిటని కాంగ్రెస్ పెద్దలు నొచ్చుకున్నారు. గాంధీయే నచ్చజెప్పి విరమింపజేశారు. 1947లో వచ్చిన మద్రాసు చట్టం ధర్మకర్త ఇష్టాయిష్టాలతో నిమిత్తం లేకుండా హిందువులందరికీ గుళ్లలోకి ప్రవేశం హక్కుగా ఇచ్చింది. 1939కీ 1947కీ మధ్య ఉన్న ఆ ఎనిమిదేళ్ల ఖాళీలో, ఒంటి మనిషి ఒంటిపూట కూడా తినకుండా కూర్చుంటే తప్ప తెరుచుకోని తలుపులు ఎన్నో.

1946-48 మధ్య దళితుల హక్కుల కోసం ఆయన చేసిన దీక్షలు మూడు. వాటి ఫలితాల్లో ఒకటి అంకెల్లో పట్టుకోవచ్చు. కలెక్టర్లు వారానికి కనీసం ఒక రోజు దళితుల అభ్యున్నతి పనులు చూడాలని మద్రాసు ప్రభుత్వం ఆదేశాలిచ్చింది. వారానికి ఒకటంటే ఏడాదికి 52 రోజులు. గుడి, బావి, దారి అని విడివిడిగా అడగకుండా, అధికారి సమయం అడిగారు చూడండి, అది నాకు చాలా తెలివైన కోరిక అనిపిస్తుంది. సమయం కేటాయిస్తే ఫిర్యాదు వినక తప్పదు, వింటే రాసుకోక తప్పదు.

నెల్లూరులో గడిపిన చివరి ఏళ్లలో దళితుల పక్షాన నినాదాలు అట్టల మీద రాసి మెడలో వేలాడేసుకుని తిరిగేవారు. కాళ్లకు చెప్పులు లేవు, తలకు గొడుగు లేదు. నెల్లూరు ఎండ ఎలా ఉంటుందో రోహిణి కార్తెలో ఆత్మకూరు బస్టాండులో నిలబడ్డవాళ్లకు వేరే చెప్పనక్కర్లేదు. జనం పిచ్చివాడన్నారు. ఆ పిచ్చివాడి పేరే అరవై ఏళ్లు తిరక్కుండా జిల్లాకు పెట్టుకున్నాం.

58 రోజుల ఫలితం అందరికీ తెలిసిందే. మరణించిన నాలుగో రోజున, డిసెంబరు 19న, నెహ్రూ ఆంధ్ర రాష్ట్రం ఇస్తామన్నారు. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా రాష్ట్రం వచ్చింది. దాని వెంటే ఫజల్ అలీ కమిషన్, 1956లో దేశమంతటా రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణ.

ఆంధ్ర రాష్ట్రం వచ్చిన సరిగ్గా నలభై ఏళ్లకు, 1993 అక్టోబరు 1న, రాష్ట్రమంతటా సారా నిషేధం అమల్లోకి వచ్చింది. దాని పుట్టిల్లు ఉదయగిరి నియోజకవర్గంలోని కలిగిరి మండలం దూబగుంట. అక్కడా దుఃఖం ఇళ్లలోనే మొదలైంది. 1970-71లో 39 కోట్లు ఉన్న ఎక్సైజు ఆదాయం 1991-92కల్లా 812 కోట్లకు చేరింది. సర్కారు ఖాతాలో పెరిగిన ప్రతి రూపాయీ ఎవరో ఒకరి కూలి డబ్బుల్లోంచి పోయిందే. అక్షరదీపం రాత్రి బడుల్లో సీతమ్మ కథ పాఠం చదివిన ఆడవాళ్లు ఆ కథలో తమ ఇంటినే చూసుకున్నారు. దూబగుంట రోశమ్మ లాంటివాళ్లు ముందు నిలిచారు. జిల్లాలో సారా వేలం 17 సార్లు వాయిదా పడింది. సొంత ఇంటి నష్టాన్ని ఊరందరి హక్కుగా మార్చి అడగడం ఈ జిల్లాకు కొత్త కాదనడానికి ఇంతకంటే దగ్గరి రుజువు అక్కర్లేదు.

మరి శ్రీరాములు మొదట పట్టుకున్న పని ఎంతవరకు వచ్చింది? భాష పేరిట అడిగిన రాష్ట్రం ఏడాది లోపు వచ్చింది. అంటరానితనం లెక్క ఇంకా తెగలేదు. 2011-12లో జరిగిన భారత మానవాభివృద్ధి సర్వేలో, తమ ఇంట్లో ఏదో ఒక రూపంలో అంటరానితనం పాటిస్తామని ఒప్పుకున్న కుటుంబాలు దేశంలో 27 శాతం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 10 శాతం. ఇది నోరు తెరిచి ఒప్పుకున్నవాళ్ల లెక్క మాత్రమే. జాతీయ నేర గణాంకాల ప్రకారం 2022లో ఎస్సీలపై నేరాలకు నమోదైన కేసులు 57,582. రోజుకు 157 పైనే. 2011 జనాభా లెక్కల్లో నెల్లూరు జిల్లా జనం 29,63,557 మంది, వాళ్లలో ఐదో వంతుకు పైగా ఎస్సీలు. కాబట్టి ఇది ఎక్కడో ఉత్తరాదిలో జరిగే సంగతి కాదు.

ఆయన సాధించిన 52 రోజులతో ఇప్పుడు పోల్చి చూడదగ్గది పౌరహక్కుల దినం. ప్రతి నెలా చివర్లో మండల స్థాయిలో తహసీల్దారు, పోలీసు అధికారి ఒక ఊరికి వెళ్లి ఎస్సీ, ఎస్టీలతో కూర్చోవాలి. నెలకు ఒకటంటే ఏడాదికి 12. 52 నుంచి 12కు వచ్చామన్నమాట. ఆ 12 అయినా దళితవాడలో నేల మీద కూర్చుని జరిపితే ఎంతో మేలు. ఫొటో దిగి, రిజిస్టరులో సంతకాలు పెట్టించుకుంటే అది లెక్కలోకి రాదు.

ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతాల్లో ఈ పని చేయాలనుకునే యువతీయువకులకు ఇవాళ శ్రీరాములుకు లేని ఆయుధాలున్నాయి. ఈ నెల సభ ఏ ఊళ్లోనో తహసీల్దారు కార్యాలయంలో ముందే అడిగి తెలుసుకోవచ్చు. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం 1989లో వచ్చింది, 1990 జనవరి 30 నుంచి అమల్లో ఉంది. 2016 జనవరి 26 నుంచి అమలవుతున్న సవరణ ప్రకారం గుడిలోకి రానివ్వకపోయినా, బావి దగ్గర, శ్మశానం దగ్గర అడ్డుకున్నా ఆరు నెలల నుంచి ఐదేళ్ల దాకా జైలు. దర్యాప్తు డీఎస్పీ స్థాయి అధికారి చేయాలి, 60 రోజుల్లో అభియోగపత్రం వేయాలి. స్టేషనులో ఫిర్యాదు తీసుకోకపోతే జాతీయ హెల్ప్‌లైన్ 14566కు చేయవచ్చు. అది 24 గంటలూ పనిచేస్తుంది, కాల్‌కు ఖర్చు లేదు.