జైసల్మేర్ తర్వాత మనమేనా?

‘దేశంలో జైసల్మేర్ తర్వాత అతి తక్కువ వాన పడేది అనంతపురం జిల్లాలోనే.’ రాయదుర్గం బస్టాండు టీ కొట్టు దగ్గర అడిగినా ఈ మాటే చెబుతారు. పేపర్లు రాశాయి, పథకాల నివేదికలు రాశాయి, నాయకులు వేదికలెక్కి చెప్పారు. వికీపీడియాలోకి ఎక్కడానికి ఇంకేం కావాలి? ఒకటికి నాలుగు మూలాలు పెట్టొచ్చు.

చిక్కేమిటంటే, ఆ మాట నిలవదు. ఉమ్మడి జిల్లా సాధారణ వర్షపాతం ఏడాదికి 550 మిల్లీమీటర్ల చిల్లర. జైసల్మేర్‌లో 200కు అటూ ఇటూ. ఆ రెంటికీ నడుమ బాడ్మేర్, బికనీర్ ఉన్నాయి, 300 లోపే. లేహ్‌లో దాదాపు 100. అంటే మొదటి స్థానం కూడా జైసల్మేర్‌ది కాదు. మన కరవుకు ఈ ర్యాంకు అక్కర్లేదు. నైరుతికి పడమటి కనుమలు అడ్డం, ఈశాన్యానికి తీరం దూరం. వేరుశనగ ఊడలు దిగేవేళకు వాన మొహం చాటేస్తుంది. అది చాలు.

2003 డిసెంబరులో మొదలైన తెలుగు వికీపీడియాలో చేయి పెట్టినవాళ్లకు ఇలాంటి వాక్యం మీద తగాదా ఎలా నడుస్తుందో తెలుసు. ఒకరు ‘ఆధారం చూపాలి’ అని మూస తగిలిస్తారు. ఇంకొకరు పేపరు లింకు పెడతారు. మూడో మనిషి వాతావరణ శాఖ పట్టికలు పట్టుకొచ్చి వాక్యం తీసేస్తే, అది సొంత పరిశోధన, చెల్లదని చర్చ పేజీలో అభ్యంతరం! నిజమా కాదా అన్నది తర్వాత, అచ్చులో ఉందా లేదా అన్నదే ముందు.

ఆ అచ్చుకే ఒక్కోసారి వికీ మూలం. వికీలో ఎవరో ఆధారం లేకుండా ఒక ముక్క రాస్తారు. విలేకరి దాన్ని వాడుకుంటాడు. ఆ వార్తే తిరిగి వికీలో మూలమవుతుంది. 2011లో అమెరికన్ కార్టూనిస్టు రాండల్ మన్రో ఈ తంతుకు ‘సైటోజెనెసిస్’ అని పేరు పెట్టాడు. మన వాన మాట ఎక్కడ పుట్టినా నడక ఇదే. ఒకదాన్ని చూసి ఒకటి రాసిన నాలుగు పేపర్లు నాలుగు మూలాలు కావు, ఒకటే. అదెవర్ని అడిగి రాసిందన్నది చూడాలి.

సరైన మూలమున్నా, అది అనుకున్న చోట ఉండదు. రాయదుర్గం చరిత్ర కోసం 1905 నాటి అనంతపురం గెజిటీరు తిరగేస్తే ఈ తాలూకా అధ్యాయం దొరకదు. అప్పుడిది బళ్లారి జిల్లాలోది. డబ్ల్యూ. ఫ్రాన్సిస్ 1904లో తెచ్చిన బళ్లారి గెజిటీరులో ‘రాయద్రుగ్’ అని వెతకాలి. 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాకే అనంతపురంలో కలిసింది. (‘రాయదుర్గం భూముల వేలం’ వార్తను ఈ ఊరి పేజీకి అతికిస్తే అదింకో తంటా. అది హైదరాబాదు రాయదుర్గం.)

అసలు అచ్చులోనే లేనివాటి మాటేమిటి? బొమ్మనహాళ్, కణేకల్లు వైపు హగరి నది ఇసుక చేలమీదికి ఎలా పాకిందో, ఏ గట్టు ఎప్పుడు పూడిందో చెప్పాల్సింది అక్కడి రైతులే. వాళ్ల నోటిమాట వికీకి మూలం కాదు. 2011లో వికీమీడియా కార్యకర్త అచల్ ప్రభల బృందం హిందీ, మలయాళం, దక్షిణాఫ్రికాలోని సెపెడి భాషల్లో జనం చెప్పిన సంగతులు రికార్డు చేసి, వాటినే మూలాలుగా చూపే ప్రయత్నం చేసింది. నియమం మాత్రం మారలేదు. పేరూ ఊరూ తేదీతో ఎవరైనా అచ్చువేస్తే తప్ప ఆ సాక్ష్యం పేజీకెక్కదు. జిల్లా పత్రికలు, కాలేజీ చరిత్ర శాఖలు పూనుకుంటే అయ్యే పనే.