నింద హైడ్రోజన్‌ది, పని ఎలక్ట్రాన్లది

“మెక్‌గైవర్ సీరియల్‌ని మళ్లీ తీశారు కదా, పాతదాంట్లో నీళ్లసీసాతో గోడ పేల్చేయడం నిజంగా కుదిరే పనేనా?” అని ఓ పాఠకుడు అడిగారు. ఇలాంటి ప్రశ్న వచ్చాక మిగతా ఉత్తరాలు ఆగాల్సిందే.

తుపాకి ముట్టకుండా, చేతికందిన సామానుతో గండం గట్టెక్కే ఈ హీరో 1985లో అమెరికా ఏబీసీ ఛానల్లో పుట్టాడు. 2016లో సీబీఎస్ కొత్త నటుడితో మళ్లీ తీసింది. అదీ 2021లో ముగిసింది. పాత సీరియల్ మొదటి ఎపిసోడ్లోనే హీరో జలుబు మందు క్యాప్సూల్లో సోడియం పెట్టి నీళ్లసీసాలో వేస్తాడు. జెలటిన్ కరిగేలోగా పారిపోవచ్చు. భలే ఉపాయం! కానీ అసలు వింత కరిగాక మొదలవుతుంది.

సోడియం నీటిని తాకితే సోడియం హైడ్రాక్సైడ్, హైడ్రోజన్, బోలెడు వేడి పుడతాయి. ఆ వేడికి హైడ్రోజన్ అంటుకుని పేలుతుందని బళ్లో చెప్పేశారు, మనం రాసేశాం. ఎవరూ ఒక చిక్కును పట్టించుకోలేదు. పుట్టిన వాయువూ ఆవిరీ లోహానికీ నీటికీ మధ్య అడ్డుపొరగా మారాలి. కాలిన పెనం మీద నీటిచుక్క తన ఆవిరి మీదే తేలుతూ పరుగెడుతుందే, అలాగ. నీరు తగలకపోతే చర్య మందగించాలి. మరి పేలుడెక్కడిది?

2015లో ప్రాగ్‌లో పావెల్ యుంగ్విర్త్, ఫిల్ మేసన్ అనే శాస్త్రవేత్తల బృందం గుట్టు విప్పింది. సోడియం-పొటాషియం మిశ్రమం మామూలు వేడిలోనే ద్రవంగా ఉంటుంది. దాని బొట్టును నీళ్లలో వదిలి హైస్పీడ్ కెమెరాతో తీశారు. అర మిల్లీసెకను గడవకముందే బొట్టు ఒంటినిండా ముళ్లు మొలిచాయి! ఎందుకో కంప్యూటర్ లెక్కలు చెప్పాయి. పైపొరలోని ఎలక్ట్రాన్లు పికోసెకన్లలో నీళ్లలోకి దూకేస్తాయి. వెనక మిగిలినవన్నీ ధన అయాన్లు, ఒకదాన్నొకటి నెట్టుకుంటాయి. ఆ నెట్టుడు తలతన్యతను మించితే బొట్టు ముళ్లుముళ్లుగా చిమ్ముతుంది. ముళ్లకు కొత్త నీరు తగులుతుంది, ఇంకొన్ని ఎలక్ట్రాన్లు దూకుతాయి, చర్య ఊపందుకుంటుంది. హైడ్రోజన్ మంట తర్వాతి సంగతి. విద్యుదావేశం హద్దు మీరిన బొట్టు నిలవదని భౌతిక శాస్త్రవేత్త లార్డ్ రేలీ 1882లోనే లెక్కగట్టాడు. దాన్ని సోడియానికి అన్వయించడానికి నూటముప్పై ఏళ్లు పైనే పట్టింది!

గోడ సంగతంటారా? మిత్‌బస్టర్స్ కార్యక్రమం వాళ్లు ప్రయత్నిస్తే పగల్లేదు. దీనివల్ల ప్రయోజనమేమిటని అడగనిదే కొందరికి నిద్రపట్టదు. తమిళనాడులోని కల్పాక్కంలో 1985 అక్టోబరులో మొదలైన ఫాస్ట్ బ్రీడర్ టెస్ట్ రియాక్టర్‌ను చల్లబరిచేది ద్రవ సోడియమే. ఆవిరి పుట్టించేచోట దానికీ నీటికీ మధ్య ఉండేది గొట్టపు గోడే. చాలా? ఇంట్లో మాత్రం చేయకండి. చిమ్మే క్షారం కళ్లు పోగొడుతుంది.