దేవదాసు కథయందు స్త్రీపాత్రల కలయిక

గ్రంథము చలనచిత్రమగునపుడు మూలమునకు భంగము కలిగినదా యనునదే విమర్శకులు తొలుత విచారించు విషయము. ఈ కొలబద్ద చాలదని కెనడా దేశపు విదుషి లిండా హచియన్ 2006లోఁ బ్రకటించిన యనుసరణసిద్ధాంత గ్రంథమున వాదించెను. అనుసరణము మూలమును మరలఁ జెప్పునదే యైనను దానికిఁ బ్రతిబింబము గాదనియు, చెప్పుటకును జూపుటకును ధర్మములు వేఱనియు నామె మతము.

దీనికి శరచ్చంద్ర చట్టోపాధ్యాయుని 'దేవదాసు' (1917) మంచి యుదాహరణము. తెలుఁగువారికి 1953 నాఁటి వేదాంతం రాఘవయ్య చిత్రముచే నీ కథ సుపరిచితము. వంగనవలలోఁ బార్వతియుఁ జంద్రముఖియు నెన్నఁడును గలిసికొనరు. ఒకతె జమీందారు నిల్లాలు, వేఱొకతె వేశ్య. ఆ రెండు లోకముల నడుమఁ ద్రోవ లేదు. బిమల్ రాయ్ 1955 నాఁటి హిందీ చిత్రమునఁ బల్లకీలోఁ బోవు పార్వతియు, దారిని నడచిపోవు చంద్రముఖియు నొండొరులఁ జూచుకొందురు, మాట లేదు. సంజయ్ లీలా భన్సాలీ 2002 నాఁటి చిత్రమునఁ బార్వతి తానే చంద్రముఖి యింటికేఁగును. పిదప దుర్గాపూజవేళ నిరువురును గలిసి నాట్యమాడుదురు.

మూలానుసరణమే గుణమన్నచో నీ రెండు ఘట్టములును దోషములే. కాని నవల చెప్పక విడిచిన దేదో యవి తెలుపుచున్నవి. ఆ స్త్రీలొకరినొకరు చూచుకొన్నంతనే కథ క్షణకాలము దేవదాసును విడిచి వారిదగును. అయినను గలయికమాత్రమే విముక్తి గాదు. భన్సాలీ చిత్రమున నా యుత్సవమందే చంద్రముఖి వేశ్య యని యవమానింపఁబడును. తుద దేవదాసు మరణవేళఁ బార్వతి యెదుట సింహద్వారము మూయఁబడును. కావున ననుసరణమును బరీక్షించువారు మూలమునకేమి చేర్పఁబడినదనుటతో నిలువక, ఆ చేర్పువలన స్త్రీ స్థితి యెంత మాఱినదో కూడ విచారింపవలయును.