హితోపదేశ కల్పనాలోకంలో సంధినీతి

చిన్నయసూరి ‘నీతిచంద్రిక’ (1853) మిత్రలాభ, మిత్రభేదాలకే పరిమితమైంది. మిగిలిన సంధి, విగ్రహ భాగాలను తరువాత కందుకూరి వీరేశలింగం రచించారు. ఈ కథాసంప్రదాయానికి ఆధారాలలో ఒకటైన నారాయణపండితుని ‘హితోపదేశం’లో పక్షులే రాజ్యాలేలుతాయి, దూతలను పంపుతాయి, ఒడంబడికలు చేసుకుంటాయి.

కర్పూరద్వీపాధిపతియైన హంస హిరణ్యగర్భుని, జంబూద్వీపపు మయూరరాజు చిత్రవర్ణుడు జయిస్తాడు. గెలిచినవానికి సంధితో పనేమిటి? గృధ్రమంత్రి దూరదర్శి రాజు విజయగర్వాన్ని వారిస్తాడు. అంతలో సింహళరాజు దండెత్తివచ్చిన వార్త అందుతుంది. రెండువైపులా వైరం తగదన్న మంత్రి మాటే నెగ్గుతుంది.

అక్కడ పేర్కొన్న పదహారు సంధులలో కానుకతో కుదిరేది ఉపహారం. కన్యాదానంతో కుదిరేది సంతానం. సజ్జనమైత్రితో నిలిచేది సంగతం. ఈ చివరిదానికే ‘కాంచనం’ అని పేరు. సత్యం ప్రమాణంగా హంస, మయూరాలు చేసుకున్నది ఈ కాంచనసంధినే. కనుక ఈ కథలో సంధి ఓడినవాని శరణాగతి కాదు, గెలిచినవాని వివేకం.