మైలు మారినది, గుంట మారలేదు

సూర్యాపేటనుండి కోదాడకు బెజవాడ రహదారిమీద పోవు బాటసారికి ప్రక్కన పసుపుపచ్చ తలపాగా చుట్టుకొనినట్లున్న రాళ్లు కనబడుచుండును. వానిమీద చెక్కినవి కిలోమీటరు లెక్కలు. అయినను మన మందరమును వానిని మైలురాళ్లనియే పిలుచుచున్నాము. కిలోమీటరురాయి యను మాట ఏ రైతునోటను మేము వినలేదు. కొలత పోయినది, పేరు మిగిలినది. దీనివలన ఎవరికిని కాసు నష్టము లేదు. కాని యిదే మార్పు రోడ్డు దిగి పొలములో కాలుపెట్టినపుడు నష్టము లేకుండ జరుగుట లేదు. ఆ సంగతియే నేడు మేము ముచ్చటింపదలచితిమి.

సూర్యాపేటకును కోదాడకును నడుమ దూరము సుమారు 44 కిలోమీటర్లు. మైళ్లలో చెప్పినచో 27 పైచిలుకు. మన పూర్వుల లెక్కలో ఇది 12 క్రోసులు, అనగా మూడామడలు. భాస్కరాచార్యుడు 12వ శతాబ్దమున రచించిన లీలావతిలో 24 అంగుళములు హస్తమనియు, 4 హస్తములు దండమనియు, 2000 దండములు క్రోశమనియు, 4 క్రోశములు యోజనమనియు పరిభాష గలదు. (ఆ అంగుళము వేరు, ఇంగ్లీషువారి అంగుళము వేరు.) హస్తమనగా మన మూరయే. మూరను అడుగున్నరగా పట్టినచో దండము ఆరడుగులు, క్రోశము 12,000 అడుగులు, అనగా 3.66 కిలోమీటర్లు, యోజనము 14.63 కిలోమీటర్లు. ఈ యోజనమే మన ఆమడ. మూర మనిషినిబట్టి మారునది గావున ఆమడ ఒకచోట 8 మైళ్లును, వేరొకచోట 10 మైళ్లును అయినది. అది ఆనాటివారికి పెద్ద లోపముగా తోచలేదు. ఎడ్లబండి గంటకు ఇంచుమించు క్రోసు నడచును. తెల్లవారుజామున సూర్యాపేటలో బండి కట్టినవాడు, ఎద్దులకు నీళ్లు పెట్టిన తావులు కలుపుకొని, పొద్దు గ్రుంకిన పిమ్మట కోదాడ చేరును. క్రోసనగా వారికి నేలకొలత ఎంతయో పొద్దుకొలతయు అంతయే.

మైలు మనకు ఇంగ్లీషువారి ఏలుబడిలో వచ్చినది. మూడడుగులు గజము, 220 గజములు ఫర్లాంగు, 8 ఫర్లాంగులు మైలు. వెరసి 1760 గజములు, 5280 అడుగులు. ఈ సంఖ్యలను వల్లెవేయలేక బెత్తము దెబ్బలు తినిన తరములు మన దేశమున ఎన్నియో గడచినవి. కిలోగ్రామును ఆధారముగా జేసికొను తూనికల చట్టమొకటి దొరతనమువారు 1871లోనే చేసిరిగాని, అమలు జరుపక అటక యెక్కించిరి. స్వతంత్ర భారతము 1956లో తూనికలు కొలతల చట్టము చేసెను. 1957 ఏప్రిల్ 1న నయాపైస వచ్చినది. 1958 అక్టోబరునుండి కిలోగ్రాము అంగళ్లలోనికి వచ్చినది. పిమ్మట కొలది యేండ్లలో రోడ్లమీది రాళ్లును మారినవి.

మీటరు మాత్రము స్వదేశీయమా యని యడుగువారు కలరు. కాదు, అది ఫ్రెంచి విప్లవకాలమున పుట్టినది. అయితే అది ఏ రాజు మూరనుండియు పుట్టలేదు. ఉత్తరధ్రువమునుండి భూమధ్యరేఖవరకు గల దూరములో కోటవ భాగమును మీటరని నిర్ణయించిరి. 1983నుండి వెలుతురు ఒక సెకండులో 29,97,92,458వ వంతు కాలమున పోవు దూరమే మీటరు. గజమన్ననో, 1959లో ఇంగ్లీషు మాటలాడు దేశములు కూడబలుకుకొని 0.9144 మీటరుగా స్థిరపరచుకొన్నవి. దానివలన మైలు 1.609344 కిలోమీటర్లు అయినది. అనగా మైలు నేడు తన కాళ్లమీద తాను నిలువలేదు, మీటరువద్ద కౌలుదారు.

మైళ్లను కిలోమీటర్లుగా మార్చుటకు 8తో హెచ్చించి 5తో భాగించిన చాలును. ఛందస్సు చదివినవారికి ఇంకొక సులువు కలదు. లఘువునకు ఒక మాత్ర, గురువునకు రెండు మాత్రలు. ఇన్ని మాత్రల పాదమును ఎన్ని విధముల కూర్పవచ్చునని లెక్కించుచు పోయిన 1, 2, 3, 5, 8, 13, 21, 34 అను వరుస వచ్చును. విరహాంకుడును, 12వ శతాబ్దమున హేమచంద్రుడును ఈ వరుసను చెప్పియుండిరి. ఇటలీవాడైన ఫిబొనాచి దానిని 1202లో వ్రాసి తన పేర నిలుపుకొన్నాడు. ఈ వరుసలో ఒక సంఖ్య మైళ్లయినచో తరువాతి సంఖ్య కిలోమీటర్లు: 5కు 8, 13కు 21, 21కి 34. వరుసలోని నిష్పత్తి 1.618వైపు పోవును, మైలు 1.609 గదా, తేడా నూటికి అరవంతు మాత్రమే. సూర్యాపేట కోదాడల 27 మైళ్లను 21, 5, 1గా విడదీసి మార్చినచో 34, 8, 2, మొత్తము 44. ఇది వేడుకకు వ్రాసితిమి. ఊరు పది అడుగులు ఇటో అటో ఉన్నను బాటసారికి కొదువలేదు.

నేలకు అట్లుకాదు. దూరమును దూరముతో హెచ్చించినదే వైశాల్యము. కావున దూరములోని చిన్న పొరపాటు నేలలో ఇబ్బడియగును. గజము 0.9144 మీటరు, చదరపు గజము 0.9144 చదరపు మీటరు కాదు, 0.8361 మాత్రమే. మిర్యాలగూడలో 200 గజముల ఇంటిస్థలము కొనువాడు దానిని 167 చదరపు మీటర్లుగా చూచుకొనవలెను. 183 అని లెక్క వేసికొన్నవానికి కాగితముమీద కనబడి నేలమీద కనబడనిది 18 గజములకు పైబడియుండును. సెల్లుఫోనులు ఈ లెక్కను రెప్పపాటులో చేయును. ఏ లెక్క చేయవలెనో అవి మనకు చెప్పవు.

కోదాడలో చిక్కు మరింత ముదిరినది. భూమి కొలత గొలుసు 66 అడుగులు. పది చదరపు గొలుసులు ఎకరము, 4840 చదరపు గజములు. ఇంతవరకు అందరకు నొకటే. నైజాము ఇలాకాలో బొంబాయివారి పద్ధతినిబట్టి ఎకరమునకు 40 గుంటలు. గుంట అరగొలుసు పొడవు, అరగొలుసు వెడల్పు, అనగా 121 గజములు. చెన్నపట్టణపు రాజధానిలో ఎకరమునకు 100 సెంట్లు. కోదాడ దాటి జగ్గయ్యపేట వైపు పోవువాడు ఒకనాడు రాజ్యముతోబాటు నాణెమును మార్చుకొనవలసి వచ్చెడిది. సుమారు ఏడు హాలీ సిక్కాలకు ఆరు కంపెనీ రూపాయలు. 1948లో సంస్థానము దేశమున కలసినది; హాలీ సిక్కా 1959లో పోయినది; 1956లో ఒకటైన రాష్ట్రము 2014లో మరల రెండైనది. ఇన్ని మారినను గుంటయు సెంటును తమ తమ గట్లమీద చెక్కుచెదరక కూర్చున్నవి.

కలిసియున్నపుడును, విడిపోయిన పిమ్మటను, అటువారు ఇటు, ఇటువారు అటు భూములు కొనుచునే యున్నారు; వియ్యములందుచునే యున్నారు. తెలంగాణ కాగితములో 2.20 అని యున్నచో రెండెకరముల ఇరువది గుంటలు, అనగా రెండున్నర ఎకరములు. ఆంధ్ర కాగితములో అదే 2.20 రెండెకరముల ఇరువది సెంట్లు. రెంటికి నడుమ తేడా 12 గుంటలు, 1452 గజములు. ఇది ఒక చుక్క చేయు పని. మనవారి చుక్క దశాంశబిందువు కాదు, ఎకరమునకు గుంటకు నడుమనున్న గట్టు. అవతలివారి చుక్క దశాంశబిందువే. వ్రాసినది 2.60 అయినచో గుంటలు 40కి మించవు గావున కోదాడవాడు తెలిసికొని యడుగును. 40 లోపలి సంఖ్యయైనచో అనుమానమునకు తావేలేదు. అవతల 2.20 కొనిన కోదాడ రైతు తనకు రెండున్నర ఎకరములు దక్కినవని యింటికి వచ్చి నిద్రించును. కొలతకు గొలుసు వేసిననాడు గాని మేలుకొనడు. ఆడపడుచునకు పసుపుకుంకుమల క్రింద వ్రాసియిచ్చిన చేనైనచో ఆ మేల్కొలుపు రెండిండ్లకును చేటు.

ఇక రహదారి. పూర్వము 9వ నంబరనియు నేడు 65వ నంబరనియు పిలువబడు ఈ బాట సూర్యాపేట, కోదాడల మీదుగానే పోవుచున్నది. ఇట్టి బాటలను వెడల్పు చేయుటకు భూమి గైకొనునపుడు ప్రకటనలలో వైశాల్యము హెక్టార్లలోను చదరపు మీటర్లలోను అచ్చుపడును. హెక్టారు 10,000 చదరపు మీటర్లు. మన లెక్కలో 2 ఎకరముల 19 గుంటలకు రవంత తక్కువ. ప్రకటనలో 0.0405 హెక్టారు అని చూచిన రైతు సున్నల వెనుక సున్నలనుజూచి, పోయినది చెంబెడు మన్నేగదా యనుకొనవచ్చును. అది నాలుగు గుంటలు. అభ్యంతరము చెప్పుకొనుటకు చట్టమిచ్చిన గడువు 21 దినములు మాత్రమే. సంఖ్యను గుంటలలోనికి మార్చి చెప్పువాడు దొరకులోపల ఆ దినములు గడచిపోవును.

నీటిలెక్కయు ఇట్టిదే. మిర్యాలగూడ, కోదాడ ప్రాంతముల పొలములకు నీరిచ్చు నాగార్జునసాగరు ఎడమకాలువకు 1967లో నీరు వదలిరి. దాని పొడవు సుమారు 179 కిలోమీటర్లని చెప్పుదురు. జలాశయపు మట్టమో, నేటికిని 590 అడుగులే, 179.8 మీటర్లని ఎవరును పలుకరు. నీటి పరిమాణము ఘనపుటడుగులలోనే, పారుదల క్యూసెక్కులలోనే. దీనిని మార్చుమని మేము తొందరపెట్టము. రెండు రాష్ట్రముల ఇంజనీర్లు ఒకే మాట వాడునంతవరకు, అది పాతదైనను, మధ్య తగవు పెరుగదు.

2009నాటి చట్టముకూడ దేశమున మీటరు పద్ధతియే ప్రమాణమని శాసించుచున్నది. ఆ చట్టమును చేతబట్టుకొని గుంటను గజమును పల్లెలనుండి తరుముమని మేము కోరుట లేదు. తాత చెప్పిన గుంట మనుమనికి కంటికి కట్టినట్లుండును. చదరపు మీటరు అట్లుండుటకు ఇంకొక తరము పట్టును. మేము కోరునది ఇంతకంటె చిన్నది. ఇంటిస్థలముల దస్తావేజులలో చదరపు గజములను, వాని ప్రక్కనే చదరపు మీటర్లను వ్రాయు ఆచారము ఇప్పటికే కలదు. పొలముల దస్తావేజులలోను అట్లే వ్రాయవలెను: రెండెకరముల ఇరువది గుంటలు అని అక్షరములలో, దానిక్రింద 1.0117 హెక్టార్లని అంకెలలో. సరిహద్దు కిరువైపుల భూములకు గుంటలును సెంట్లును రెండును చూపవలెను. గుంటకు రెండున్నర సెంట్లు. ఈ ఒక్క లెక్క తెలిసిన వ్రాయసగానికి కాగితముమీద ఒక వరుస ఎక్కువ పట్టును, అంతే. భూసేకరణ ప్రకటనలలోను హెక్టారు ప్రక్కన ఎకరములు గుంటలు తెలుగులో అచ్చు వేయించుటకు కొత్త చట్టమేమియు అక్కరలేదు. కోదాడలో స్టాంపు కాగితము కొనువారు ఈలోపల ఆ వరుసను తామే అడిగి వ్రాయించుకొనవచ్చును.