అంకెల్లో ఉన్నవన్నీ సంఖ్యలు కావు

హైదరాబాద్ జనరల్ పోస్టాఫీసు పిన్‌కోడ్ 500001. విశాఖపట్నం హెడ్ పోస్టాఫీసుది 530001. రెండూ కూడి సగం చేస్తే 515001 వస్తుంది. ఆ పిన్‌కోడ్ నిజంగానే ఉంది. అనంతపురానిది. అయితే హైదరాబాద్ నుంచి విశాఖ వెళ్లే దారిలో అనంతపురం ఎక్కడా తగలదు. కూడిక సరైనదే, భాగహారం సరైనదే, వచ్చిన జవాబుకే అర్థం లేదు.

పిన్‌కోడ్ అంకెలతో రాసిన చిరునామా. 1972 ఆగస్టు 15న తపాలా శాఖ దీన్ని ప్రవేశపెట్టింది. మొదటి అంకె 5 అయితే ఉత్తరం ఆంధ్రప్రదేశ్, తెలంగాణ, కర్ణాటకల్లో ఎక్కడికో వెళ్లాలని అర్థం. చివరి మూడంకెలు దాన్ని బట్వాడా చేసే పోస్టాఫీసును చూపిస్తాయి. అంకెలకు బదులు అక్షరాలు వాడినా పని ఇలాగే జరిగేది. ఇలా ఎంతో, ఎన్నో చెప్పకుండా ఏదో, ఏ రకమో మాత్రమే చెప్పే సమాచారాన్ని సాంఖ్యక శాస్త్రంలో గుణాత్మక దత్తాంశం అంటారు. కంప్యూటర్ రంగంలో ఉన్నవాళ్ల నోట కేటగారికల్ డేటా అని వినిపించేదీ ఇదే. మాతృభాష, నేల రకం, రక్తం గ్రూపు, సిటీ బస్సు నంబరు అన్నీ ఈ కోవలోవే.

వరి పండించే రైతులకు ఈ సంగతి కొత్తేమీ కాదు. బాపట్ల పరిశోధన కేంద్రం నుంచి వచ్చిన సాంబ మసూరి బీపీటీ 5204. మారుటేరు నుంచి వచ్చిన ఒక రకం ఎంటీయూ 1010. మొదటిది రెండోదానికి అయిదు రెట్లని ఏ రైతూ అనుకోడు. అంకె పేరులో భాగంగా వచ్చిందని వాళ్లకు తెలుసు. అదే అంకె ఒక పట్టికలోకి, కంప్యూటర్ తెరమీదికి, సర్వే నివేదికలోకి చేరగానే ఈ ఎరుక మనలో చాలామందికి తప్పిపోతుంది.

ఒక రక్తదాన శిబిరం లెక్క

ఒక శిబిరానికి 20 మంది దాతలు వచ్చారనుకుందాం. వారిలో ఓ గ్రూపు వాళ్లు 8 మంది, బీ గ్రూపు 7, ఏ గ్రూపు 4, ఏబీ గ్రూపు ఒక్కరు. కంప్యూటర్లో ఎక్కించడం సులువని ఓ గ్రూపుకు 1, బీకి 2, ఏకి 3, ఏబీకి 4 అని గుర్తులు పెట్టారు. మొత్తం 38, సగటు 1.9. పక్క గదిలో ఇంకొకరు అదే జాబితా తీసుకుని ఏకి 1, బీకి 2, ఏబీకి 3, ఓకి 4 అని పెట్టారు. ఇప్పుడు మొత్తం 53, సగటు 2.65. దాతలు మారలేదు, వాళ్ల రక్తం మారలేదు. మనం పెట్టిన గుర్తులు మారితే సగటు మారిపోయింది. అంటే ఆ సగటు దాతల గురించి చెప్పింది ఏమీ లేదు.

అదే జాబితాను ఎక్కువగా ఉన్న గ్రూపు ఏదని అడగండి. ఏ గుర్తులు వాడినా ఓ గ్రూపే అని వస్తుంది. హైస్కూలు లెక్కల పుస్తకంలో బాహుళకం అని చదివింది దీన్నే. ఏబీ వాళ్లు ఎంత శాతమని అడిగితే రెండు గదుల్లోనూ 5 శాతమనే తేలుతుంది. గుర్తులు మార్చినా జవాబు మారకపోతే ఆ ప్రశ్న అడగదగినది. మారిపోతే అడగకూడనిది. గుణాత్మక దత్తాంశాన్ని పట్టుకునేవాళ్లకు ఇంతకంటే నమ్మకమైన పరీక్ష లేదు.

నాలుగు మాపనులు

ఈ పరీక్షను ఒక సిద్ధాంతంగా నిలబెట్టినవాడు హార్వర్డ్ విశ్వవిద్యాలయానికి చెందిన మనస్తత్వ శాస్త్రవేత్త ఎస్.ఎస్. స్టీవెన్స్. దానికి ముందు పెద్ద వివాదమే నడిచింది. చప్పుడు ఎంత బిగ్గరగా అనిపిస్తోంది, వెలుగు ఎంత ప్రకాశంగా తోస్తోంది అనే అనుభూతుల్ని కొలవడం సాధ్యమా అని తేల్చడానికి బ్రిటిష్ శాస్త్ర సంఘం 1932లో ఒక కమిటీ వేసింది. భౌతిక శాస్త్రవేత్తలూ మనస్తత్వ శాస్త్రవేత్తలూ ఏళ్ల తరబడి వాదించుకున్నా ఏకాభిప్రాయం కుదరలేదు. వినికిడి మీద పనిచేస్తున్న స్టీవెన్స్ రూపొందించిన బిగ్గరతనం మాపని కూడా ఆ చర్చలో నలిగింది. 1946లో ‘సైన్స్’ పత్రికలో రాసిన వ్యాసంలో ఆయన అసలు ప్రశ్ననే మార్చాడు. కొలవగలమా లేదా అని కొట్టుకోవడం మాని, ఏ రకం కొలత, దానితో ఏ లెక్క చెల్లుతుంది అని అడగమన్నాడు.

ఆయన కొలతల్ని నాలుగు మెట్లుగా విడదీశాడు. మొదటిది నామ మాపని. ఇందులో అంకె పేరు మాత్రమే. పిన్‌కోడ్, రక్తం గ్రూపు గుర్తు ఇక్కడివి. రెండోది క్రమ మాపని. ఏది ముందు, ఏది వెనుక అన్నది తెలుస్తుంది కానీ ఎంత తేడా అన్నది తెలియదు. మూడోది అంతర మాపని. తేడాలు కొలవొచ్చు, రెట్లు చెప్పకూడదు. సెల్సియస్ ఉష్ణోగ్రత దీనికి ఉదాహరణ. 40 డిగ్రీలు 20 డిగ్రీలకు రెట్టింపు వేడి కాదు, ఎందుకంటే అక్కడి సున్న నీళ్లు గడ్డకట్టే చోటును బట్టి మనం పెట్టుకున్నది. పరమశూన్యం నుంచి లెక్కించే కెల్విన్ మాపనిలో చూస్తే ఆ రెండూ 313, 293. తేడా 7 శాతం దగ్గరే. నాలుగోది నిష్పత్తి మాపని. బరువు, పొడవు, వయసు లాంటివాటికి సున్న అంటే నిజంగా ఏమీ లేకపోవడమే కాబట్టి రెట్టింపు, సగం అనే మాటలకు అర్థం ఉంటుంది.

అందరూ స్టీవెన్స్‌తో ఏకీభవించలేదు. మనస్తత్వ కొలతల నిపుణుడు ఫ్రెడరిక్ లార్డ్ 1953లో ఫుట్‌బాల్ ఆటగాళ్ల చొక్కాల నంబర్ల మీద ఒక చిన్న వ్యాసం రాశాడు. ఆ నంబర్లు పేర్లే అయినా, ఒక జట్టుకు కావాలని చిన్న నంబర్లే అంటగట్టారా అన్న అనుమానం వస్తే సగటు తీసి తేల్చవచ్చు కదా అన్నది అతని వాదన. నిజమే. కానీ అక్కడ సగటు నంబర్లు పంచిన తీరు గురించి చెబుతుంది, ఆటగాళ్ల ఆట గురించి చెప్పదు. అడిగే ప్రశ్నను బట్టే లెక్క చెల్లుబాటు తేలుతుందని ఈ వాదం మనకు నేర్పుతుంది.

ర్యాంకు చెప్పేది, చెప్పనిది

నాలుగింటిలో మనల్ని ఎక్కువగా పొరబాటు పట్టించేది క్రమ మాపని. పేరులా కనిపించదు, కొలతలా కనిపిస్తుంది. ఖనిజాల గట్టితనానికి జర్మన్ ఖనిజ శాస్త్రవేత్త ఫ్రెడరిక్ మోస్ 1812లో ఇచ్చిన వరస చూడండి. టాల్క్‌కు 1, కురువిందానికి 9, వజ్రానికి 10. ఏది దేన్ని గీకగలదో చూసి పెట్టిన వరస ఇది. గట్టితనాన్ని పరికరంతో నేరుగా కొలిస్తే వజ్రం కురువిందానికి సుమారు నాలుగు రెట్లు. అంటే 9కీ 10కీ మధ్య ఉన్న ఎడం, 1 నుంచి 9 దాకా ఉన్న ఎడం కంటే పెద్దది. వరసలోని అంకెలు ఆ విషయం పైకి చెప్పవు.

మన ఇళ్లలో ఇంతకంటే బాగా తెలిసిన వరస ఎంట్రన్స్ ర్యాంకు. మొదటి ర్యాంకుకూ రెండో ర్యాంకుకూ మధ్య మార్కుల తేడా ఎంతో ర్యాంకు చెప్పదు. పట్టిక నడిమి భాగంలో వేలమంది పిల్లలు దగ్గర దగ్గర మార్కులతో కిక్కిరిసి ఉంటారు. అక్కడ ఒక్క మార్కు జారితే ర్యాంకు ఎంతో దూరం వెళ్లిపోతుంది. పై కొసన అదే మార్కుకు ర్యాంకు అంతగా కదలదు. నలభై వేల ర్యాంకు వచ్చిన పిల్లవాడు ఇరవై వేల ర్యాంకు పిల్లవాడి కంటే సగం తెలివైనవాడనే లెక్క ఎక్కడా లేదు. ర్యాంకు సీట్లు వరసగా పంచడానికి పనికొస్తుంది. పిల్లల్ని తూచడానికి పనికిరాదు. ఈ తేడా తల్లిదండ్రులకూ కాలేజీలకూ గట్టిగా తెలియాలి, ఎందుకంటే తెలియకపోవడం వల్ల కుంగిపోయేది పదిహేడేళ్ల పిల్లలు.

సర్వేల్లో ‘పూర్తిగా ఒప్పుకుంటాను’ నుంచి ‘అసలు ఒప్పుకోను’ దాకా అయిదు జవాబులు ఇచ్చి టిక్కు పెట్టమంటారు. అమెరికన్ శాస్త్రవేత్త రెన్సిస్ లికర్ట్ 1932లో ప్రచారంలోకి తెచ్చిన పద్ధతి అది. ఆ జవాబులకు 1 నుంచి 5 దాకా అంకెలు వేసి సగటు 3 అని ప్రకటిస్తే, అందరూ మధ్యస్థంగా ఉన్నారో, సగం మంది మెచ్చుకుని సగం మంది మండిపడుతున్నారో తెలియదు. ఏ జవాబుకు ఎంతమందో విడివిడిగా చూపిస్తే ఆ అనుమానం ఉండదు.

సగటు లేకుండానే కొలత

గుణాత్మకమైనదంటే శాస్త్రానికి లొంగనిదని కొందరి అభిప్రాయం. అది సరికాదు. ఒక వరి రకానికీ అగ్గి తెగులుకూ సంబంధం ఉందా అనే ప్రశ్నలో రెండు వైపులా ఉన్నవి గుణాలే, ఏ రకం, తెగులు సోకిందా లేదా అని. అలాంటి సంబంధాన్ని తేల్చే కై-స్క్వేర్ పరీక్షను కార్ల్ పియర్సన్ 1900లోనే ఇచ్చాడు. అందులో లెక్కించేది ఏ గడిలో ఎన్ని పొలాలు పడ్డాయన్నదే.

వైవిధ్యాన్నీ ఇలాగే కొలవొచ్చు. మన శిబిరంలో కళ్లు మూసుకుని ఒకరిని ఎంచి, మళ్లీ గుంపులో కలిపి ఇంకొకరిని ఎంచితే ఇద్దరి గ్రూపులు వేరుగా ఉండే అవకాశం 67.5 శాతం. అందరిదీ ఒకే గ్రూపు అయితే అది సున్న. ఈ ఆలోచనను ఇ.హెచ్. సింప్సన్ 1949లో వైవిధ్యానికి కొలతగా ప్రతిపాదించాడు. దాన్ని ఇంకా ముందుకు తీసుకెళ్లినవారు మన కల్యంపూడి రాధాకృష్ణారావు. తెలుగు కుటుంబంలో 1920లో హడగలిలో పుట్టి, ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం చదివి, కలకత్తాలోని భారత గణాంక సంస్థలో ప్రపంచ ఖ్యాతి పొందిన సి.ఆర్. రావు ఆయనే. 2023లో అంతర్జాతీయ గణాంక బహుమతి అందుకుని, అదే ఏడాది ఆగస్టులో 102 ఏళ్ల వయసులో కన్నుమూశారు.

1982లో ఆయన వివరించిన వైవిధ్య కొలత సంగతి ఒక చెరువు ఉదాహరణతో తెలుస్తుంది. ఒక చెరువులో శీలావతి, బొచ్చె, మోసు చేపలు సమానంగా ఉన్నాయి. రెండో చెరువులో శీలావతి, రొయ్య, నత్త సమానంగా ఉన్నాయి. సింప్సన్ లెక్కలో రెండు చెరువులకూ ఒకే జవాబు, మూడేసి రకాలు కాబట్టి. మొదటి చెరువులోవి మూడూ ఒకే కుటుంబానికి చెందిన చేపలు, రెండోదానిలోవి జంతు ప్రపంచంలో ఎడంగా ఉన్న జీవులు. రావు గారి సూత్రం రకాలు ఎన్ని, ఎంతెంత ఉన్నాయన్న దానితోపాటు ఒకదానికొకటి ఎంత భిన్నమో కూడా లెక్కలోకి తీసుకుంటుంది. రెండో చెరువుకు ఎక్కువ విలువ ఇస్తుంది. పర్యావరణ శాస్త్రవేత్తలు ఇప్పటికీ దీన్ని విరివిగా వాడుతున్నారు. పేర్ల జాబితా నుంచి ఇంత నికార్సైన కొలత పుట్టింది.

కంప్యూటర్ చేసే పొరబాటు

స్ప్రెడ్‌షీట్‌లో హైదరాబాద్ ఎస్టీడీ కోడ్ 040 అని కొట్టి ఎంటర్ నొక్కండి. మామూలు గడి అయితే 40 అని మిగులుతుంది. సంఖ్య అయితే ముందున్న సున్నకు విలువ లేదు, పేరు అయితే అది ఊడిపోతే ఫోన్ కలవదు. ఆ గడి అక్షరాలకు కేటాయించినదని ముందే చెప్పకపోతే యంత్రం దాన్ని సంఖ్య కిందే జమకడుతుంది.

ఇదే జన్యు శాస్త్రంలో పెద్ద చిక్కు తెచ్చింది. మార్చ్1, సెప్ట్2 అని కొన్ని జన్యువుల పొట్టి పేర్లు. స్ప్రెడ్‌షీట్ సాఫ్ట్‌వేర్ ఎక్సెల్ వాటిని మార్చి 1, సెప్టెంబరు 2 అనే తేదీలుగా మార్చేసేది. జన్యువుల జాబితాల్ని ఎక్సెల్ ఫైళ్లుగా జతచేసిన పరిశోధన పత్రాల్లో సుమారు అయిదో వంతు వాటిలో ఇలాంటి తప్పులున్నాయని 2016లో ఒక అధ్యయనం తేల్చింది. చివరికి మానవ జన్యువులకు పేర్లు ఖాయం చేసే అంతర్జాతీయ కమిటీ 2020లో మార్చ్1ను మార్చ్‌ఎఫ్1గా, సెప్ట్2ను సెప్టిన్2గా మార్చినట్టు ప్రకటించింది. ఒక సాఫ్ట్‌వేర్ అలవాటుకు జన్యువుల పేర్లే తలొగ్గాయి.

మెషీన్ లెర్నింగ్‌లోనూ ఇదే జాగ్రత్త అవసరం. రక్తం గ్రూపులకు 1 నుంచి 4 దాకా అంకెలిచ్చి యంత్రానికి అప్పగిస్తే, ఏబీ ఓకు నాలుగు రెట్లని చాలా పద్ధతులు నమ్మేస్తాయి. అందుకని ఒక్కో గ్రూపుకు ఒక్కో నిలువు వరస కేటాయించి, ఆ గ్రూపు అయితే 1, కాకపోతే 0 అని నింపుతారు. అప్పుడు ఏ గ్రూపూ మరోదానికంటే పెద్దది కాదు.

గీతలు గీసేది మనుషులే

రకాలుగా విడదీయడం ఒక నిర్ణయం. ఆ నిర్ణయం ప్రాణాల దాకా వెళ్తుంది. రక్తం గ్రూపుల్ని కార్ల్ లాండ్‌స్టైనర్ 1901లో వెల్లడించినప్పుడు ఆయన చూపినవి మూడే. నాలుగోది, ఏబీ, మరుసటి ఏడాది ఇతరులు కనుక్కున్నారు. 1952లో బొంబాయిలో డాక్టర్ వై.ఎం. భెండే బృందం మామూలు పరీక్షలో ఓ గ్రూపులా కనిపించే రక్తం ఒకటి అందులో ఇమడదని చూపింది. బాంబే గ్రూపు అని పేరుపడిన ఆ రక్తం ఉన్నవాళ్లకు ఓ గ్రూపు రక్తం ఎక్కిస్తే ప్రాణం మీదికి వస్తుంది. వాళ్లకు అదే గ్రూపు దాత దొరకాలి.

జనాభా లెక్కల్లోనూ ఇంతే. 2011 గణనలో స్త్రీ, పురుషులతో పాటు ఇతరులు అనే మూడో వర్గం తొలిసారి చేరింది. ఆ గడిలో సుమారు 4.88 లక్షల మంది లెక్కకొచ్చారు. అంతకుముందు కూడా వాళ్లు ఈ దేశంలోనే ఉన్నారు. పట్టికలో వాళ్లకు గడి లేదు, అందుకే లెక్కలో కనిపించలేదు.

కాబట్టి ఏ పట్టిక చేతికొచ్చినా, కాలిక్యులేటర్ తీయకముందే మూడు ప్రశ్నలు వేసుకోవాలి. ఈ అంకె పేరా, వరసా, కొలతా? గుర్తులు మారిస్తే నా జవాబు మారుతుందా? ఈ వర్గాల్లో ఇమడకుండా బయట ఎవరైనా మిగిలిపోయారా? బడిలో సగటు, మధ్యగతం, బాహుళకం ఎలా కట్టాలో పదో తరగతికల్లా నేర్పుతున్నాం. ఏది ఎప్పుడు కట్టకూడదో కూడా ఆ పాఠంలోనే నేర్పాలి. అందుకు పిల్లలకు కొత్త పుస్తకం అక్కర్లేదు. తమ తరగతిలోని రోల్ నంబర్లు, రక్తం గ్రూపులు, ర్యాంకులు, ఎత్తులు నల్లబల్ల మీద పక్కపక్కన రాసి ఒక్కోదాని పైన దాని రకం రాయిస్తే చాలు.